ఇంటి రుణం: నెల వాయిదా చెప్పని లెక్క

"హజ్రత్, ఒక్క మాటలో చెప్పండి. తీసుకోవచ్చా, కూడదా?"

గుంటూరులో ఒక ప్రైవేటు జూనియర్ కాలేజీలో పాఠాలు చెప్పే సోదరుడొకరు షాబాన్ నెలలో ఒక రాత్రి ఇషా నమాజు తర్వాత మా పక్కన కూర్చుని అడిగిన ప్రశ్న ఇది. ఆయన చేతిలో బ్యాంకు ఇచ్చిన మంజూరు పత్రం ఉంది. రెండు పడక గదుల ఫ్లాటు ధర 40 లక్షల రూపాయలు. తన దగ్గర 10 లక్షలున్నాయి. మిగిలిన 30 లక్షలు 9 శాతం వడ్డీ మీద 20 ఏళ్ల గడువుకు బ్యాంకు ఇస్తానంది. నెల వాయిదా 26,992 రూపాయలు. ఇప్పుడు ఆయన కడుతున్న అద్దె 11 వేలు. "అద్దె ఎటూ పోయే డబ్బే కదా హజ్రత్. దానికి ఇంకో 16 వేలు కలిపితే ఇల్లు మనదవుతుంది" అన్నారు.

ఒక్క మాటలో చెప్పడం మాకు వచ్చు. చాలా ఏళ్లు అలాగే చెప్పాము కూడా. వడ్డీ హరామ్, కనుక ఈ రుణం కూడదు. అడిగిన వ్యక్తి తల ఊపి లేచి వెళ్లేవారు. కొన్ని నెలల తర్వాత కొత్త ఫ్లాటులో ఖుర్ఆన్ ఖానీకి రమ్మని మమ్మల్నే పిలిచేవారు. మేము వెళ్లామా లేదా అన్నది వేరే సంగతి. మా మాట ఆయన మీద పని చేయలేదన్నది మాత్రం స్పష్టం. తప్పు ఆయన ఒక్కరిదేనని అప్పట్లో అనుకునేవాళ్లం. ఇప్పుడలా అనుకోవడం లేదు. మేము తీర్పు చెప్పాము గానీ, ఏ వస్తువు గురించి తీర్పు చెబుతున్నామో దాన్ని విప్పి చూపించలేదు. నిజానికి మేమూ పూర్తిగా చూడలేదు.

అందుకే ఆ రాత్రి కాగితం, కలం తెప్పించి లెక్క వేశాము. పాఠక సోదరులు, సోదరీమణులు ఈ లెక్కను ఓపికగా చదవాలని మనవి. ధర్మశాస్త్రం మాట తర్వాత వస్తుంది.

26,992ను 240 నెలలతో హెచ్చిస్తే సుమారు 64 లక్షల 78 వేలు. తీసుకున్నది 30 లక్షలు. అంటే వడ్డీయే 34 లక్షల 78 వేలు. ఈ మాట చెబితే ఆ సోదరుడు అంతగా ఆశ్చర్యపోలేదు. "రెట్టింపు అవుతుందని అందరూ అంటారు లెండి" అన్నారు. ఆయన్ను నిలబెట్టింది ఆ తర్వాతి లెక్క.

మొదటి నెల కట్టే 26,992లో వడ్డీ 22,500. అసలుకు చేరేది 4,492 మాత్రమే. ప్రతి నెలా మిగిలిన అసలు మీద ముందు వడ్డీ కోసుకుని, ఆ తర్వాత మిగిలిందే అసలుకు జమ చేస్తారు. అందుకని తొలి ఏళ్లలో అసలు కదలదు. ఐదేళ్లలో 16 లక్షల 19 వేలు కట్టిన తర్వాత చూసుకుంటే అసలులో తగ్గింది 3 లక్షల 39 వేలు. పదేళ్లు నిండేసరికి కట్టింది 32 లక్షల 39 వేలు. అంటే తీసుకున్న దానికన్నా ఎక్కువే ఇచ్చేశారు. అయినా ఆ రోజున బాకీ ఇంకా 21 లక్షల 31 వేలు ఉంటుంది. అసలులో సగం తీరడానికి పద్నాలుగేళ్లు పడుతుంది.

"పదేళ్లకి మా పెద్దమ్మాయికి పద్దెనిమిది వస్తాయి" అన్నారాయన నెమ్మదిగా. అప్పటిదాకా ఆయన దృష్టిలో ఉన్నది నెలకు ఎంత అన్నదే. నెల వాయిదా అనే పద్ధతి అప్పును మనిషి జీతానికి సరిపడేంత చిన్న ముక్కలుగా కోసి చూపిస్తుంది. ముక్క మోయగలిగితే మొత్తం మోయగలమనిపిస్తుంది. గడువు పెంచితే వాయిదా తగ్గుతుందని బ్యాంకు ఉద్యోగి చెబితే అది ఉపకారంగా తోస్తుంది. ఇదే 30 లక్షలను 30 ఏళ్లకు పెడితే వాయిదా 24,139కి దిగుతుంది. నెలకు 2,853 రూపాయల ఊరట. దానికి చెల్లించే మూల్యం అదనంగా 22 లక్షల రూపాయలు, పదేళ్ల జీవితం.

ఈ లెక్కంతా వడ్డీ రేటు 20 ఏళ్లూ కదలకుండా ఉంటేనే. మన దేశంలో ఇంటి రుణాలు ఎక్కువగా మారే రేటు మీదే ఇస్తారు. రిజర్వు బ్యాంకు రెపో రేటు 2022 మే మొదట్లో 4 శాతం ఉండేది. 2023 ఫిబ్రవరికల్లా 6.5 శాతానికి చేరింది. 2025లో మళ్లీ తగ్గించారు, అది వేరే విషయం. 7 శాతం రేటున 30 లక్షలు తీసుకుని రెండేళ్లు కట్టిన మనిషికి రేటు 9.5 శాతం అయిందనుకోండి. ఆయన వాయిదా 23,259. బాకీ 28 లక్షల 52 వేలు. దాని మీద నెల వడ్డీయే 22,579. ఇక అసలుకు పోయేది 680 రూపాయలు! వాయిదా పెంచకుండా అలాగే కడుతూ పోతే మిగిలిన 18 ఏళ్ల గడువు 37 ఏళ్లు దాటుతుంది. ఆ రోజుల్లో ఎంతోమందికి వాయిదా మారలేదు గనుక ఏదో జరిగిందన్న సంగతే తెలియలేదు. చివరికి 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకే కలుగజేసుకుని, వాయిదా పెంచుకోవాలా గడువు పెంచుకోవాలా అన్నది రుణగ్రహీతను అడగాలని బ్యాంకులను ఆదేశించింది.

ఇక ధర్మశాస్త్రం విషయానికి వద్దాం. ఇక్కడ ఒక అపార్థం తొలగాలి. ఇల్లు తాకట్టు పెట్టడం గానీ, అప్పు తీసుకోవడం గానీ వాటంతటవి పాపం కావు. దివ్య ఖుర్ఆన్ బఖరా సూరాలో అప్పును రాసుకోవాలని, ప్రయాణంలో రాసేవాడు దొరకకపోతే తాకట్టు వస్తువు ఇవ్వవచ్చని బోధించింది. దైవప్రవక్త (స) పరమపదించే నాటికి ఆయన కవచం యవల కోసం ఒక యూదుని దగ్గర తాకట్టులో ఉంది. నిషేధం అప్పు మీద కాదు, అప్పు మీద పెరిగే దాని మీద. అదే సూరా 275వ ఆయతు నుంచి వ్యాపారాన్ని ధర్మసమ్మతం చేసి వడ్డీని నిషేధించిన ప్రకటన, ఆ వెంటనే 280వ ఆయతులో ఇబ్బందిలో ఉన్న బాకీదారునికి వెసులుబాటు కలిగేదాకా గడువు ఇవ్వాలన్న ఆదేశం వస్తాయి. ఈ రెండూ పక్కపక్కనే ఎందుకున్నాయో మేము మదరసాలో చదువుకున్నప్పటికన్నా 2020లో బాగా అర్థం చేసుకున్నాము.

ఆ ఏడాది కరోనాతో కాలేజీలు మూతపడ్డాయి. ప్రైవేటు అధ్యాపకుల్లో ఎందరికో జీతాలు ఆగిపోయాయి. కొందరు కూరగాయలు అమ్మారు. మార్చి నుంచి ఆగస్టు దాకా వాయిదాలు వాయిదా వేసుకోవచ్చని రిజర్వు బ్యాంకు వెసులుబాటు ఇచ్చింది. గడువు దొరికింది, కాని వడ్డీ ఆగలేదు. 30 లక్షల బాకీకి 9 శాతం లెక్కన ఆరు నెలలకు లక్షా 35 వేలు. ఆ వడ్డీ మీద మళ్లీ పడిన వడ్డీని మాత్రం ప్రభుత్వం కొందరికి తిరిగి ఇచ్చింది. 2021 మార్చిలో సుప్రీంకోర్టు ఆ సౌకర్యం అందరికీ వర్తింపజేసింది. అసలు వడ్డీ అలాగే ఉండిపోయింది. అజ్ఞాన కాలపు అరబ్బుల్లో గడువు తీరిన రోజున అప్పిచ్చినవాడు వచ్చి, తీరుస్తావా పెంచుకుంటావా అని అడిగేవాడని హదీసు గ్రంథాల్లో ఉంది. కాలాన్ని అమ్మడమంటే అది. దైవప్రవక్త (స) వీడ్కోలు హజ్ ప్రసంగంలో ఆ బాకీలన్నిటినీ కాలరాచి, మొట్టమొదట తన సొంత బాబాయి హజ్రత్ అబ్బాస్ (రజి)కి రావలసిన వడ్డీని రద్దు చేశారు.

ఇక్కడ మా మిత్రులు కొందరు ఒక వాదన తెస్తారు. తీసిపారేయదగ్గ వాదన కాదది. ఏళ్లు గడిచేకొద్దీ రూపాయి విలువ పడిపోతుంది, జీతం పెరుగుతుంది, ఇల్లు విలువ కూడా పెరుగుతుంది, పదిహేనో ఏట 27 వేలు ఇవాళ్టి 27 వేలంత బరువుగా ఉండవు అంటారు. నిజమే. అద్దె కూడా పెరుగుతూనే ఉంటుంది. 11 వేల అద్దె ఏడాదికి 5 శాతం చొప్పున పెరిగితే 20 ఏళ్లలో 43 లక్షల పైచిలుకు పోతుంది, చివరికి చేతిలో గోడ కూడా మిగలదు. ఈ మాట దాచి లెక్క చెప్పడం న్యాయం కాదు.

అయితే ఆ వాదనలోని ప్రతి "పెరుగుతుంది" వెనుకా ఒక "ఒకవేళ" ఉంది. ఆ "ఒకవేళ"లన్నీ ఒకే మనిషి నెత్తిన ఉన్నాయి. ఉద్యోగం పోయినా, ఫ్లాటు ధర పడినా, బిల్డరు పని మధ్యలో ఆపేసినా, బ్యాంకుకు రావలసింది మాత్రం పెరుగుతూనే ఉంటుంది. 90 రోజులు వాయిదా అందకపోతే ఖాతా మొండిబాకీ అవుతుంది. 2002 నాటి సర్ఫేసీ చట్టం ప్రకారం 60 రోజుల నోటీసు ఇచ్చి, దావా వేయకుండానే ఇల్లు స్వాధీనం చేసుకునే హక్కు బ్యాంకుకు ఉంది. వ్యాపారంలో లాభం ఆశించేవాడు నష్టానికి కూడా ఒప్పుకోవాలి. ఇక్కడ ఒకరు లాభానికి మాత్రమే భాగస్వామి. ఇది లెక్కల లోపం కాదు, న్యాయంలో లోపం.

మరి అవసరం సంగతేమిటి? ఆ సోదరుడు చదువుకున్న మనిషి. ఈ ప్రశ్న తానే వేశారు. "అవసరంలో ఉన్నవాడికి అనుమతి ఉందని ఎక్కడో చదివాను హజ్రత్." ఉంది. హనఫీ ఫిఖహ్ పండితుడు ఇబ్నె నుజైమ్ (వఫాత్ 970 హిజ్రీ) తన అల్ అష్బాహ్ వన్నజాయిర్ గ్రంథంలో ముహ్తాజ్, అంటే నిజంగా గత్యంతరం లేనివాడు, లాభం ఇచ్చి అప్పు తీసుకునే విషయంలో సడలింపును పేర్కొన్నారు. 1999లో యూరప్ ఫత్వా మండలి అక్కడి ముస్లింలకు, వేరే దారి లేనప్పుడు, నివాసానికి ఒక్క ఇంటి మట్టుకు బ్యాంకు రుణాన్ని అనుమతించింది. దాన్ని ఒప్పుకోని పండితులు చాలామంది ఉన్నారు. మేము కూడా ఆ ఫత్వాను గుంటూరుకు తెచ్చి అతికించలేము.

ఎందుకంటే సడలింపు తలుపు ముహ్తాజ్ అన్న ఒక్క మాట మీద తిరుగుతుంది. నెత్తిన కప్పు ఉండడం అవసరం. ఆ కప్పు మన పేరున రిజిస్టరు కావడం కోరిక. మంచి కోరికే, కాని కోరిక. అద్దెకు ఇల్లు దొరుకుతున్నంత కాలం, అద్దె కట్టే స్తోమత ఉన్నంత కాలం ఆ మాట ఈ సోదరుడికి వర్తించదని మా అభిప్రాయం. పైగా వడ్డీ తినేవాడు, ఇచ్చేవాడు, రాసేవాడు, సాక్షులు పాపంలో సమానమన్న హదీసు సహీహ్ ముస్లింలో ఉంది. ఇచ్చేవాడి పేరు కూడా అందులో ఉందన్న సంగతి మనవాళ్లు తరచూ మరచిపోతారు. మూడు దీనార్ల బాకీ మిగిల్చి చనిపోయిన వ్యక్తి జనాజా నమాజు చేయించడానికి దైవప్రవక్త (స) వెనుకాడారు. హజ్రత్ అబూ ఖతాదా (రజి) ఆ బాకీ తన మీద వేసుకున్నాకే చేయించారు. వడ్డీ లేని అప్పు సంగతే అది!

వద్దన్నాక, మరి ఏం చేయాలన్నది కూడా చెప్పాలి. భాగస్వామ్యంతో ఇల్లు కొని క్రమంగా వాటా కొనుక్కునే ముషారకా పద్ధతి ఇతర దేశాల్లో ఉంది. మన దేశంలో వడ్డీలేని బ్యాంకింగ్ గురించి 2008లో రఘురామ్ రాజన్ కమిటీ సిఫారసు చేసింది గానీ, 2017లో రిజర్వు బ్యాంకు ఆ ఆలోచన విరమించుకుంది. ఈ ఖాళీలోకి "హలాల్ లాభం" అంటూ కొందరు దూరారు. అలా డిపాజిట్లు సేకరించిన సంస్థల మీద 2018లో హైదరాబాదులో, 2019లో బెంగుళూరులో కేసులు నడిచాయి. పేరు చూసి డబ్బు పెట్టవద్దని గట్టిగా చెబుతున్నాము. అమ్మేవాడే రొక్కం ధర కన్నా కాస్త ఎక్కువ ధర నిర్ణయించి వాయిదాల్లో ఇవ్వడం ధర్మసమ్మతమే. ధర మొదటి రోజే ఖరారు కావాలి, ఆలస్యమైతే పెరుగుతుందన్న షరతు ఉండకూడదు. స్థలాల అమ్మకంలో మన జిల్లాల్లో ఈ పద్ధతి ఉన్నదే, లేఔట్ అనుమతి, దస్తావేజులు చూసుకోవాలి. ఇప్పటికే రుణంలో ఉన్నవారు త్వరగా బయటపడాలి. మారే రేటు మీద ఉన్న ఇంటి రుణం ముందే తీర్చితే జరిమానా వేయకూడదని 2012లోనే రిజర్వు బ్యాంకు బ్యాంకులకు చెప్పింది. మనం వేసుకున్న లెక్కలో మొదట్లోనే ఒక లక్ష అదనంగా కడితే 20 వాయిదాలకు పైగా తగ్గుతాయి, సుమారు ఐదున్నర లక్షల చెల్లింపు తప్పుతుంది. బంగారం ఉన్నవారు ఆలోచించాలి.

ఆ సోదరుడు మంజూరు పత్రం మడిచి జేబులో పెట్టుకుని వెళ్లారు. నెలకు ఆ 16 వేలు పక్కన పెడతానన్నారు. రెండు నెలల తర్వాత ఆయన భార్య మా ఇంటావిడకు ఫోను చేశారు. ఇంటి యజమాని ఇల్లు అమ్మకానికి పెట్టాడట, నెలాఖరుకు ఖాళీ చేయమన్నాడట. కొన్ని వీధుల్లో పేరు వినగానే ఇల్లు లేదంటున్నారట. "రుణం వద్దని మౌలానా సాబ్ చెప్పారు, విన్నాం. ఇప్పుడు మేం ఎక్కడికి పోవాలో కూడా ఆయన్నే అడిగి చెప్పండి" అన్నారట ఆవిడ.

ముహ్తాజ్ గురించి మేము రాత్రి చెప్పిన మాటకు పగలు వచ్చిన పరీక్ష అది. మరుసటి రోజు అస్ర్ తర్వాత మేమూ, మస్జిద్ కమిటీ పెద్దలిద్దరూ కలిసి ఆ సోదరునితో ఇళ్లు వెతకడానికి బయలుదేరాము. మొదటి రోజు దొరకలేదు, రెండో రోజూ దొరకలేదు. నాలుగో రోజున మస్జిద్‌కు మూడు వీధుల అవతల, హజ్‌కు డబ్బు కూడబెట్టుకుంటున్న ఒక ముసలాయన మేడ మీద రెండు గదులు చూపించాడు. అద్దె 12 వేలు. బయానా కమిటీ నిధి నుంచి ఖర్జె హసనాగా ఇచ్చాము. ఆరు నెలల్లో తిరిగి ఇస్తానని ఆ సోదరుడు కాగితం రాసి, ఇద్దరి చేత సాక్షి సంతకాలు పెట్టించారు.