స్థానబలిమి

మొసలి గురించి ఎక్కడ మాట మొదలైనా ఒక వాక్యం తప్పకుండా వచ్చి చేరుతుంది: డైనోసార్ల కాలం నుంచీ అది మారలేదని. మంథని దగ్గర శివారం అభయారణ్యంలో, గోదావరి ఒడ్డున నోరు తెరుచుకుని ఎండ కాచుకుంటున్న మొసలిని చూపిస్తూ మా వెంట వచ్చిన స్థానికుడు కూడా అదే అన్నాడు. "ఇవి గప్పటి సంది గిట్లనే ఉన్నయి సార్. లోకమంత మారింది గని ఇవి మారలే." ఆ గొంతులో కాస్త భక్తి ఉంది. మారనిదంటూ ఒకటి కళ్లెదురుగా ఉంటే మనిషికి ఎంత నిబ్బరం! నాకూ ఆ మాట ఇష్టమే. నిజం కాకపోవడమొక్కటే దానిలో లోపం.

కాదని చెప్పే సాక్ష్యం కోసం ఎక్కడికో వెళ్లనక్కర్లేదు. అదే గోదావరి లోయలో, ప్రాణహిత వైపు, పాత ఆదిలాబాద్ జిల్లా ఎర్రమట్టిలో ఉంది. భూగర్భ శాస్త్రవేత్తలు మలేరి పొరలు అని పిలిచే ఆ నేల వయసు 20 కోట్ల ఏళ్ల పైమాటే. అక్కడ ఎముకలు తవ్వి తీసింది కలకత్తాలోని ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్ వాళ్లు. గణాంకాల సంస్థకు ఎముకలతో పనేమిటని అడగొచ్చు. దాన్ని నెలకొల్పిన మహలనోబిస్‌కు కుతూహలాన్ని శాఖలుగా పంచి తాళాలు వేసే అలవాటు లేదు, అదీ సంగతి. ఆయన పిలుపు మీద లండన్ నుంచి పమేలా రాబిన్సన్ వచ్చి ఇక్కడ శిలాజాల పనికి పునాది వేశారు. ఆ సంస్థలోనే పనిచేసిన శంకర్ ఛటర్జీ, మలేరి మట్టిలో ఒకదాని పక్కన ఒకటి దొరికిన రెండు అస్థిపంజరాల గురించి 1978లో వివరంగా రాశారు. పొడవాటి మూతి, దాని నిండా వాడి పళ్లు, వీపు మీద ఎముక పెంకులు, పొట్టి కాళ్లు, బలమైన తోక, రెండు మీటర్లు దాటిన ఒళ్లు. కడుపు భాగంలో, మింగిన జంతువు ఎముకలు కూడా మిగిలాయి. ఆ మింగుడుపడిన జీవికి మలేరి పేరూ రాబిన్సన్ పేరూ కలిపి మలేరీసారస్ రాబిన్సనే అని నామకరణం చేశారు. ఒకరి భోజనానికి తన పేరు పెడితే గౌరవంగా తీసుకోవడం శాస్త్రవేత్తలకే చెల్లింది.

ఆ రెండింటినీ చూస్తే ఎవరైనా మొసళ్లనే అంటారు. కానీ కాదు. అవి పారాసూకస్ హిస్లోపి, ఫైటోసార్లనే జాతికి చెందినవి. మొసళ్ల వంశానికి దూరపు దాయాదులు, అంతే. ట్రయాసిక్ యుగం చివరి భాగంలో భూమ్మీద చాలాచోట్ల ఏళ్లూ మడుగులూ వాటివే. అమెరికాలో దొరికిన కొన్ని రకాలు ఏడు మీటర్ల దాకా పెరిగాయి. మరి అప్పుడు అసలు మొసలి వంశంవాళ్లు ఏం చేస్తున్నారు? ఒడ్డున పరుగులు తీస్తున్నారు. బ్రిటన్‌లోని వేల్స్‌లో దొరికిన టెరెస్ట్రిసూకస్ ఎముకల్ని చూడండి: సన్నటి ఒళ్లు, నిటారుగా నిలిచే పొడవాటి కాళ్లు. పురుగో పుట్రో పట్టుకుని పొట్ట పోసుకునే చిన్న ప్రాణి. నీళ్లలో ఏలుబడి ఒకరిది, వాళ్ల కంట పడకుండా గట్టు మీద బతుకు మరొకరిది.

సుమారు 20 కోట్ల 10 లక్షల ఏళ్ల కిందట అగ్నిపర్వతాలు విపరీతంగా లావా కక్కి వాతావరణాన్ని తలకిందులు చేసిన విలయంలో ఫైటోసార్లు పూర్తిగా పోయాయి. గట్టు మీది ప్రాణుల్లో కొన్ని బతికాయి. ఆ తర్వాత లక్షల ఏళ్ల మీద ఆ బతికినవాళ్ల సంతతిలో కొందరు నీళ్లలోకి దిగారు. మూతి సాగింది, కాళ్లు పొట్టివయ్యాయి, కళ్లు నెత్తి మీదికొచ్చాయి. చివరికి ఎవరి కంట పడకుండా పూర్వం పరుగెత్తారో వాళ్లలాగే తయారయ్యారు.

స్థానబలిమి గురించి చెప్పడానికి వేమన మొసలినే ఎంచుకున్నాడు. నీటి బలాన్ని తన బలమనుకోవద్దని మొసలిని మందలించాడు ఆయన. మలేరి ఎముకలు చూశాక నాకనిపించేది, స్థానం ఇచ్చేది బలం ఒక్కటే కాదు, రూపం కూడా అదే ఇస్తుందని. ఏటి అంచున, నీళ్లలో ఒళ్లు దాచుకుని, దప్పికకు వచ్చినవాటి కోసం కాచుకునే ఒక జాగా ఉంది. ఆ జాగాలో ఎవరు చేరినా కాలం వాళ్లను అదే అచ్చులో పోస్తుంది. ఉద్యోగంలో ఉన్నన్నాళ్లూ ఇలాంటిదే చూశాను. మహా మెతక అనుకున్నవాడు తహసీల్దారు కుర్చీలో కూర్చున్న కొద్దికాలానికి పాతాయన గొంతుతోనే దగ్గడం మొదలుపెడతాడు. గజేంద్రుడి కాలు పట్టిన మకరి కూడా, మన పురాణం ప్రకారం, శాపం తగిలిన హూహూ అనే గంధర్వుడు. మొసలి రూపంలో ఉన్నది మొసలే కానక్కర్లేదన్న అనుమానం మనవాళ్లకు ఎప్పటినుంచో ఉన్నట్టుంది.

ఇక ఆ జాగా బాగా విశాలమైతే ఏమవుతుందో చూపించడానికి రాక్షస మొసళ్లున్నాయి. వీటి దగ్గర మాత్రం నేను కొంచెం ఆగుతాను.

ఇవాళ సహారాలో, నైజర్ దేశపు తెనేరే ఎడారిలో ఇసుక తప్ప మరేమీ లేని చోట 11 కోట్ల ఏళ్ల కిందట పెద్ద నదులు పారేవి. వాటిలో ఉండేది సార్కోసూకస్. తల ఒక్కటే 1.6 మీటర్లు. ఫ్రెంచి శాస్త్రవేత్తలు ఫ్రాన్స్ ద బ్రోయిన్, ఫిలిప్ టాకే 1966లో దానికి పేరు పెట్టారు. పాల్ సెరెనో బృందం ఇంకా మంచి ఎముకలు తెచ్చి 2001లో దాని పొడవు 11-12 మీటర్లు, బరువు 8 టన్నులని లెక్క కట్టింది. తర్వాతి లెక్కల్లో అది తొమ్మిది, తొమ్మిదిన్నర మీటర్లకు దిగింది. శివాలిక్ కొండల్లో ఫాల్కనర్, కాట్లీ వెలికితీసిన రాంఫోసూకస్ కథా ఇంతే: ఒకప్పుడు 15 మీటర్ల పైన అన్నారు, ఇప్పుడు 8-11 అంటున్నారు. న్యూయార్క్ మ్యూజియంలో డైనోసూకస్ పుర్రెను దొరికిన కొన్ని ముక్కలకు ప్లాస్టర్ అతికించి, బోలెడంత ఊహ జోడించి నిలబెట్టారు. అదీ తర్వాత చిక్కిపోయింది. తప్పించుకుపోయిన చేప జాలరి మాటల్లో పెరుగుతుంది. దొరికిన మొసలి శాస్త్రవేత్త టేపు కింద తగ్గుతుంది. అయితే తగ్గాక మిగిలిన తొమ్మిది మీటర్లు ఏమైనా తక్కువా? మనకు ఎందుకో అది చాలదు. రాక్షసుడు మన ఊహ కంటే పెద్దగా ఉండాలి, లేకపోతే మోసపోయినట్టు ఉంటుంది.

నన్ను నిజంగా ఆలోచనలో పడేసింది వాటి పొడవు కాదు, అంత పొడవు వచ్చిన తీరు. ఈ జంతువుల వీపు పెంకుల్ని అడ్డంగా కోస్తే చెట్టు మానులో మాదిరి ఏటికో వలయం కనిపిస్తుంది. గ్రెగరీ ఎరిక్సన్, క్రిస్టఫర్ బ్రోషు 1999లో డైనోసూకస్ వలయాలు లెక్కపెట్టి ఒక సంగతి తేల్చారు. పెద్ద డైనోసార్లు వేగంగా పెరిగి పెద్దవయ్యాయి. డైనోసూకస్ వేగం మాత్రం మామూలు మొసలి చిన్నతనంలో పెరిగే వేగమే. మామూలు మొసలిలో ఆ పెరుగుదల కొన్నేళ్లకే మందగిస్తుంది, ఇది మాత్రం దశాబ్దాల తరబడి ఆపలేదు. సార్కోసూకస్ కూడా పూర్తి పరిమాణానికి రావడానికి యాభై అరవై ఏళ్లు పట్టి ఉంటుందని సెరెనో బృందం అంచనా వేసింది.

అంటే ఆ రాక్షసత్వంలో రాక్షసత్వమేమీ లేదు, ఓపిక ఉంది. ఓపిక కూడా సగమే దానిది. ఒక జంతువు యాభై ఏళ్లపాటు పెరుగుతూ పోవాలంటే యాభై ఏళ్లూ ఏరు ఎండకూడదు, తిండి తరగకూడదు. ఒక్క తరానికి కాదు, తర్వాత వచ్చే వేలాది తరాలకీ అంతే. తొమ్మిది మీటర్ల ఒళ్లంటే ఒక నది తన మాట తప్పలేదనడానికి గుర్తు. దాన్ని మొసలి పొడవు అనడం కంటే నది పొడవు అనడం న్యాయం.

ఆ నదులు మాట తప్పిన రోజు పొడవే ఉరి అయింది. దక్షిణ అమెరికాలో పురుసారస్ అనే మరో మహాకాయం ఉండేది. పశ్చిమ అమెజాన్ అంతా చిత్తడి సరస్సులుగా ఉన్నంతకాలం దానికి ఎదురులేదు. ఆండీస్ పర్వతాలు పైకి లేచాయి, నీళ్లు దారి మార్చుకున్నాయి, చిత్తడి తగ్గింది, పురుసారస్ లేకుండా పోయింది. డైనోసూకస్ ఉల్క కోసం ఎదురుచూడలేదు. డైనోసార్లకు ఆఖరి గడియ రావడానికి కొన్ని లక్షల ఏళ్లు కాదు, దాదాపు 70 లక్షల ఏళ్ల ముందే దాని జాడ పోయింది. 6 కోట్ల 60 లక్షల ఏళ్ల కిందట ఉల్క పడ్డప్పుడు దాటి వచ్చిన మొసళ్లు ఈ మహాకాయాలు కావు. నెలల తరబడి తిండి లేకపోయినా ఓర్చుకునేవీ, ఏ మడుగులో ఏది దొరికితే దానితో గడిపేవీ.

మారలేదంటాం గానీ, ఈ వంశం చూడని వేషం లేదు. మడగాస్కర్‌లో సైమోసూకస్ అనేదానికి మొండి మూతి, ఆకులు నమలడానికి పనికొచ్చే పళ్లు. శాకాహారి మొసలి! జురాసిక్ సముద్రాల్లో కొన్ని కాళ్లను తెడ్లుగా మార్చుకుని, తోకకు చేపరెక్క తెచ్చుకుని, వీపు పెంకులు వదిలేశాయి. గట్టు మీద వేటాడినవీ ఉన్నాయి. అవన్నీ పోయి ఏటి అంచున ఉన్నవాళ్లే మిగిలారు. మిగిలినవాళ్లను చూసి మొదటినుంచీ ఇంతేనని అనుకుంటున్నాం. వాటికీ ఈ మిగలడం శాశ్వతమేమీ కాదు. చర్మాల కోసం వేటాడి మనం చేసిన నాశనం ఎంతవరకు వచ్చిందంటే, 1975లో ప్రభుత్వం ప్రత్యేక పథకం పెట్టి గుడ్లు పొదిగించి పిల్లల్ని నదుల్లో వదలాల్సి వచ్చింది. ఉల్కను దాటిన వంశానికి హ్యాండ్‌బ్యాగు గండమైంది.

ఇదంతా తలచుకున్నప్పుడు ఫైటోసార్ ఓడింది, మొసలి గెలిచింది అనడానికి నాకు నోరు రాదు. వాళ్లిద్దరి మధ్య ఆ జాగా కోసం నిర్ణయాత్మక పోరు జరిగిందనడానికి సాక్ష్యం లేదు. ఒకరు లేచారు, చాలాకాలానికి ఇంకొకరు వచ్చి కూర్చున్నారు. తర్వాత వచ్చినవాడు ముందున్నవాడికంటే యోగ్యుడన్నది వచ్చినవాడు రాసుకునే చరిత్ర. నా బతుకులో నేను నా ప్రతాపమనుకున్న వాటిని కూడా ఈ లెక్కన తూచి చూస్తే, చాలా భాగం ఆ సమయానికి ఖాళీగా ఉన్న జాగాలే. చిన్నబుచ్చుకోవడానికేమీ లేదు. కొంచెం తేలికగా కూడా ఉంది.

అలాగని అంతా స్థానమే అని తేల్చేస్తే మలేరి ఎముకలు ఒప్పుకోవు. మొసలికి ముక్కు రంధ్రాలు మూతి చివర ఉంటాయి. అక్కడినుంచి గాలి ఎముక గొట్టంలాంటి దారిలో నోటి పైకప్పు మీదుగా గొంతు దాకా వెళ్తుంది, నోట్లో నీళ్లున్నా ఊపిరాడుతుంది. ఫైటోసార్‌కు ఆ ఏర్పాటు లేదు. దాని మూతి ముక్కుకు ముందువైపు సాగిపోయింది, ముక్కు వెనకే ఉండిపోయింది, దాదాపు కళ్ల దగ్గర. ఒళ్లంతా నీళ్లలో దాచి ఊపిరి పీల్చాలన్న అవసరం ఇద్దరిదీ ఒకటే, అచ్చు కూడా ఒకటే, అయినా ఎవరి ముక్కు వాళ్లది. ఎర్రమట్టిలో పొడవాటి పుర్రె ఒకటి బయటపడితే అది ఎవరిదో పోల్చుకోవడానికి తవ్వేవాళ్లు ఇప్పటికీ మొదట వెతికేది ఆ రెండు రంధ్రాలు ఎక్కడున్నాయనే.