యంత్రము మిగిల్చిన గడియ

అవధ్ రాజ్యమును కోల్పోయి 1856లో కలకత్తా చేరిన నవాబు వాజిద్ అలీ షా నివసించిన మెటియాబ్రుజ్, నేడు దర్జీల సీమ. అచ్చటి వీథులలో కుట్టుయంత్రముల చప్పుడు వినవచ్చుచుండును.

గాంధీ మహాత్ముడు 1924లో యంత్రవ్యామోహమును నిరసించుచునే కుట్టుయంత్రమును మినహాయించెను. భార్య చేతికుట్టు శ్రమను చూడలేక సింగర్ దానిని రూపొందించెననియు, దాని వెనుక ప్రేమ కలదనియు చెప్పెను. మంచిదే. కాని ఆ ప్రేమ మిగిల్చిన గడియ ఎవరిది?

ఒకరి కొలతకు కుట్టు దర్జీ ధరించువాని భుజమును, నడకను గమనించును. కొలతలు అంకెలై, కూలి బట్టల లెక్కపై నిలిచినపుడు, చూపు మనిషిని విడిచి లెక్కను పట్టుకొనును. మిగిలిన గడియ విశ్రాంతికి గాక మరికొన్ని చొక్కాలకు పోవును. దోషము ఇనుమునందు లేదు. పేదబిడ్డకు పండుగనాడు క్రొత్తచొక్కా దొరకుట ఆ వేగము వలననే గదా! అయితే చౌకను మెచ్చుకొని, కుట్టిన చేతులను మరచుట మన దోషము.

కుట్టినవానికి ఆ గడియ దక్కునట్లు కూలి నొసగుట యజమాని ధర్మము. అందుకు తగిన వెల నిచ్చుట కొనువాని ధర్మము. ఈ దృష్టి యున్నచో యంత్రము సేవాసాధనమగును. లేనిచో మనిషియే యంత్రమునకు సాధనమగును.