చూపునకు యజమాని ఎవరు?

సాయంకాలమున తండ్రి పని నుండి ఇల్లు చేరును. చిన్న కుమారుడు తాను గీసిన బొమ్మను తెచ్చి చూపును. “బాగున్నది” అని తండ్రి పలుకును గాని, అతని కన్నులు చేతిలోని ఫోనును విడువవు. ఇందులో కోపము లేదు, కఠినమైన మాట లేదు. అయినను బాలుడు బొమ్మను మడుచుకొని మౌనముగా వెళ్లిపోవును. తండ్రి అతనికి బాకీపడినదేమి?

అమెరికా తత్త్వవేత్త విలియం జేమ్స్ 1890లో ప్రకటించిన మనస్తత్వశాస్త్ర గ్రంథమందు, అవధానమనగా ఒకదానియందు మనస్సు నిలుపుటకై తక్కినవాటిని విడుచుటయే అని వివరించెను. అట్లయిన తెర మీద గడచిన ప్రతి గడియ మరియొకరికి చెందవలసిన గడియ కావచ్చును. అవధానము ఒకని సొంత సొత్తు మాత్రమే కాదు. అందులో పొరుగువానికిని భాగము గలదు.

అందు బిడ్డల భాగము ఆరుబయట వెలుతురును కూడ. చైనాలోని గ్వాంగ్‌జౌ నగరమున 2010లో 12 బడులలో ఒక పరిశోధన ఆరంభమాయెను. సగము బడులలో మొదటి తరగతి పిల్లలు ప్రతి బడిదినమున 40 నిమిషములు అదనముగా ఆరుబయట గడిపిరి. మూడేండ్లలో, దూరపు వస్తువులు మసకగా కనబడు హ్రస్వదృష్టి ఆ బడులలో నూటికి సుమారు 30 మందికి, తక్కిన బడులలో నూటికి సుమారు 40 మందికి క్రొత్తగా కలిగినట్లు 2015లో వెల్లడాయెను. ఆ పరిశోధన తెరలను నిందింపలేదు. ఆరుబయలు చేయు మేలును మాత్రమే చూపెను. అయితే పిల్లలను గదిలో కట్టివేయునది తెరయే అయినప్పుడు ఆ మేలు వారికి దక్కదు.

తెర తనంతట చెడ్డది కాదు. గల్ఫు దేశమున కష్టపడు కుమారుని ముఖమును తల్లికి చూపునదియు తెరయే. నేరమంతయు చూచువానిదే అనుటయు న్యాయము కాదు. పుస్తకమునకు చివరి పుట కలదు. ఫోనులోని దృశ్యములు మాత్రము ఒకదాని వెంట ఒకటి ఎడతెగక వచ్చునట్లు వాటిని నిర్మించినవారే అమర్చిరి. అయినను ఎప్పుడు ఆపవలెనను నిర్ణయము చూచువానికి మిగిలియే యున్నది.

ప్రభువు చెప్పిన ఉపమానములో, యెరికో త్రోవను పడియున్నవానిని ముగ్గురును చూచిరి. ఇద్దరు తప్పుకొని పోయిరి, సమరయుడు ఆగెను. చూపులో కొరత ఎవరికిని లేదు, ఆగుటలోనే భేదము.

రేపు ఆ బాలుడు మరియొక బొమ్మతో రావచ్చును. తండ్రి ఫోనును బల్ల మీద విడిచి, బొమ్మను పగటి వెలుగులో చూచుటకు బిడ్డతో కూడ పెరటిలోనికి నడిచినయెడల, రెండు బాకీలును ఒక్కమారే తీరును.