తాకట్టు తోట

పాతబస్తీలో ఒక పెద్ద దేవిడీ ఉండేది. పేరు గొప్ప, ఊరు దిబ్బ. యజమాని ఇంటి కాపలాకని సిపాయిలను పెట్టుకున్నాడు. కాపలా కాసేది యజమాని గడపకు, హుకుం పొరుగు షావుకారుది, జీతం మాత్రం యజమానిదే. ఆ జీతాలు పేరుకుపోయి అప్పయ్యాయి. అప్పు కింద షావుకారు, దేవిడీకున్న తోటల్లోకెల్లా మంచి మామిడితోటను తాకట్టు పట్టాడు. కాగితం మీద సంతకం పడిన వారం లోపే ముసలి దివాన్జీ కన్నుమూశాడు. అతని ఇంటి కుర్రాడే, ఇంకా నూనూగు మీసాలవాడు, దివాన్జీ అయ్యాడు.

కుర్రాడు లెక్కల పుస్తకాలు ముందేసుకుని కూర్చున్నాడు. శిస్తు వసూళ్లు పాట పాడుకున్నవాళ్ల చేతుల్లో ఉన్నాయి. రైతు ఇచ్చిందెంతో, దేవిడీకి చేరిందెంతో ఎవరికీ తెలియదు. వాళ్లను తప్పించి, నెల జీతం మీద మనుషులను పెట్టాడు. చిల్లర అప్పులవాళ్ల చేతిలో ఇరుక్కున్న పొలాలను ఒక్కొక్కటే విడిపించాడు. పద్దు రాయనిదే పైసా కదలనివ్వలేదు. నాలుగేళ్లకు దేవిడీలో పొయ్యి వేళకు వెలగసాగింది. అయినా రోజూ రాత్రి ఆఖరి వరుస దగ్గర అతని కలం ఆగిపోయేది. ఆ వరుసలో మామిడితోట ఉండేది.

ఇంతలో షావుకారు మీద జనానికి కడుపు మండింది. పై ఊళ్లలో అతని కొట్లు తగలబడుతున్నాయని కబురొచ్చింది. ఒక సాయంత్రం కొందరు ఆయుధాలు పట్టుకుని అతని ఇంటి మీదికి బయల్దేరారు. దివాన్జీ షావుకారుకు ముందే కబురంపాడు. దేవిడీ మనుషులెవరూ ఆ గుంపులో కలవకుండా తలుపులు మూయించాడు. గుంపు చెదిరిపోయింది. దాన్ని నడిపించినవాణ్ణి ఆ తర్వాత వెంటాడి చంపి, శవాన్ని అందరూ చూసేలా వేలాడదీశారు. గుంపు చెదిరిన రాత్రి దివాన్జీ పుస్తకంలో ఒక కొత్త పద్దు రాశాడు. షావుకారు మనకు బాకీ అని. దానికి కాగితం లేదు, సాక్షి లేడు. అతని పుస్తకంలో అలాంటి పద్దు అదొక్కటే.

మూడేళ్లకు షావుకారు రెండు చెలకలు తిరిగిచ్చాడు. పాత అప్పు కాగితాన్ని నలుగురిలో చింపేశాడు. తోట ఆదాయవ్యయాలు మాత్రం ఇకమీదట ఎన్నడూ అడగకూడదని షరతు రాయించుకున్నాడు. అప్పు పోయింది, తాకట్టు ఉండిపోయింది. ఇలాంటి లెక్క ఏ బజారులోనైనా నడుస్తుందా అంటే, షావుకారు బజారులో నడుస్తుంది.

బస్తీ దివాన్జీని క్షమించలేదు. ఒకడు అతని మీద తుపాకీ పేల్చాడు, గురి తప్పింది. కొన్నేళ్లకు మరొకడు ప్రయత్నించాడు. షావుకారు ఇంతగా మెచ్చుకునేవాడు అసలు తన నౌకరేనా అని యజమానికీ అనుమానం పట్టుకుంది. చెప్పకుండా ఊరు దాటవద్దన్నాడు. దివాన్జీ సొంత ఇంట్లోనే సగం ఖైదీగా బతికాడు.

యజమాని పోయాడు. వారసుడు అప్పుడే నడక నేర్చిన పసివాడు. దివాన్జీకి చెయ్యి కాస్త ఆడింది. షావుకారు గడపకు వెళ్లి తోట అడిగాడు. షావుకారు లేచి కౌగిలించుకున్నాడు, శాలువా కప్పాడు, విందు పెట్టాడు. తోట మాట రాగానే పొద్దుపోయిందన్నాడు. మళ్లీ వెళ్తే మరో శాలువా. చివరికి దివాన్జీ షావుకారు పెద్దలుండే దూరదేశానికే ప్రయాణం కట్టాడు. దారిలో కాలు విరిగినా ఆగలేదు. అక్కడ కప్పిన శాలువా అన్నిటికన్నా పెద్దది. తోట సంగతి పసివాడు పెద్దయ్యాక చూద్దామన్నారు. ఇక ప్రతి వేసవిలో షావుకారు ఇంటి నుంచి దేవిడీకి మామిడిపండ్ల బుట్ట వచ్చేది. పండ్లు ఆ తోటవే. పంపినవాడికి అది దాతృత్వం.

పసివాడి చేతికి పెత్తనం రావడానికి ఏడాది ముందు దివాన్జీ కలరాతో పోయాడు. అతని పెట్టె తెరిస్తే అడుగు నుంచి మూత దాకా శాలువాలే.

ఆ తోట బేరార్ ప్రాంతం. షావుకారు మొదట ఈస్టిండియా కంపెనీ, ఆ తర్వాత బ్రిటిష్ సర్కారు. దివాన్జీ మీర్ తురాబ్ అలీ ఖాన్, మొదటి సాలార్‌జంగ్. మ్యూజియం పుణ్యమా అని జనానికి ఇతనికన్నా ఇతని మనవడే ఎక్కువ తెలుసు. 1853 మేలో, 24వ ఏట దివాన్ అయి, 1883 ఫిబ్రవరి 8న చనిపోయేదాకా ముగ్గురు నిజాముల కింద దాదాపు 30 ఏళ్లు హైదరాబాద్ రాజ్యాన్ని నడిపాడు. 1865లో రాజ్యాన్ని జిల్లాలుగా విభజించిందీ, పాతబస్తీలో దారుల్ ఉలూమ్ పెట్టిందీ అతనే.   అతని పదవి నిలవాలంటే పైన నిజాం, పక్కన బ్రిటిష్ రెసిడెంట్, ఇద్దరి దయా ఉండాలి.

1857 జులై 17న తుర్రేబాజ్ ఖాన్, మౌల్వీ అలావుద్దీన్ కోఠీలోని రెసిడెన్సీ మీద దాడికి దిగినప్పుడు సాలార్‌జంగ్ బ్రిటిషువారి పక్షాన నిలిచాడు. 1860 ఒప్పందంలో రాయచూరు దోఆబ్, నల్దుర్గ్ తిరిగొచ్చాయి, 50 లక్షల బాకీ రద్దయింది. బేరార్ రాలేదు. ఖర్చులు పోను మిగిలింది పంపుతాం, లెక్క అడగొద్దు అన్నారు. 1876లో పారిస్‌లో మెట్ల మీద పడి తొడ ఎముక విరిగినా లండన్ వెళ్లాడు. ఆక్స్‌ఫర్డ్ గౌరవ డాక్టరేట్ ఇచ్చింది, లండన్ నగరం గౌరవ పౌరసత్వం ఇచ్చింది. 1902లో కర్జన్ ఏడాదికి 25 లక్షలకు బేరార్‌ను శాశ్వత కౌలు రాయించుకున్నాడు.

దాడి జరిగిన ఆ జులైలో దివాన్ తాను అప్పిచ్చాననుకున్నాడు, రెసిడెన్సీ మాత్రం కానుక పుచ్చుకున్నాననుకుంది, కానుకకు తగ్గ సన్మానం లోటు లేకుండా చేసింది. మిగతా అన్ని పద్దులకూ కాగితం పట్టిన మనిషి ఈ ఒక్కదానికి ఎదుటివాడి కృతజ్ఞతను హామీగా పెట్టుకున్నాడు. షరతు పెట్టగల అదను 1857లో, రెసిడెన్సీకి అతనితో అవసరం పడ్డప్పుడు ఉంది; అతను నోరు తెరిచి అడిగింది ఆ అవసరం తీరిపోయాక.