ఇస్మాయీల్ - అల్లాహ్ ఆలకిస్తాడు

మన ఇండ్లలో మగబిడ్డ పుట్టాడంటే ఏడవ రోజు అఖీఖా నాటికి పేరు స్థిరపడాలి. పెద్దలు ఒక పేరు చెబుతారు, మేనత్త ఇంకొకటి అంటుంది, యువ దంపతులు సెల్‌ఫోన్లో జాబితాలు తిరగేస్తారు. పలకడానికి బాగుందా, కొత్తగా ఉందా, మన వీధిలో మరెవరికీ లేదు కదా అని ఆరా తీస్తాం. దాని అర్థమేమిటన్న ప్రశ్న చాలాసార్లు చివర్లో వస్తుంది. కొన్నిసార్లు అసలు రానేరాదు. కాని పేరు మనిషికి జీవితాంతం తోడుండే మాట. బిడ్డ తరఫున తల్లిదండ్రులు తీసుకునే మొట్టమొదటి నిర్ణయాల్లో అదొకటి. అందుకే ఇస్లాం దీన్ని చిన్న విషయంగా భావించలేదు.

మహాప్రవక్త ముహమ్మద్ (స) మంచి అర్థమున్న పేర్లను ఇష్టపడేవారు, చెడు అర్థమిచ్చే పేర్లను మార్చేవారు. ‘అవిధేయురాలు’ అనే అర్థం వచ్చే పేరున్న ఒక మహిళకు ఆయన ‘జమీలా’ అని పేరు పెట్టారు. మరొక వ్యక్తి పేరు ‘హజ్న్’. అంటే గట్టి నేల, కరకు నేల అని అర్థం. ఆయన పేరును ‘సహ్ల్’గా, అంటే మెత్తని నేలగా మార్చుకోమని దైవప్రవక్త (స) సూచించారు. తండ్రి పెట్టిన పేరును మార్చుకోనని ఆ వ్యక్తి అన్నాడు. ఆ తర్వాత మా వంశంలో ఆ కరకుదనం అలాగే నిలిచిపోయిందని ఆయన మనవడు, ప్రఖ్యాత పండితుడు సయీద్ బిన్ ముసయ్యిబ్ చెప్పేవారని బుఖారీ హదీసు గ్రంథంలో ఉంది.

అయితే పేరుకు నిజంగా అంత శక్తి ఉందా? మంచి పేరు మనిషిని మంచివాణ్ణి చేస్తుందా? ఆ పేరు దైవాన్ని గురించి ఒక మాట చెబుతుంటే, జీవితంలో ఆ మాట నిజం కానట్లు అనిపించిన రోజున ఏమనుకోవాలి? మనందరికీ బాగా తెలిసిన ఒకే ఒక పేరును తీసుకుని ఈ ప్రశ్నలను పరిశీలిద్దాం. ఆ పేరు ఇస్మాయీల్.

ఇది హీబ్రూ పేరు. ఆ భాషలో దీన్ని ‘యిష్మాఎల్’ అని పలుకుతారు. తెలుగు బైబిలులో ‘ఇష్మాయేలు’ అని చదువుతాం. ఇందులో రెండు ముక్కలున్నాయి. ‘యిష్మా’ అంటే వింటాడు, ఆలకిస్తాడు. ‘ఎల్’ అంటే దేవుడు. రెండూ కలిపితే ‘దేవుడు ఆలకిస్తాడు’ అవుతుంది. హీబ్రూ, అరబీ ఒకే తల్లి బిడ్డల్లాంటి భాషలు. అక్కడి ‘షలోమ్’ ఇక్కడ ‘సలామ్’. అలాగే అక్కడి ‘షమా’ ఇక్కడ ‘సమిఅ’, అంటే విన్నాడు. అల్లాహ్ శుభనామాల్లో ఒకటైన ‘అస్సమీ’ (సర్వం వినేవాడు) కూడా ఈ ధాతువు నుండి వచ్చినదే.

కొందరు సోదరులకు ఇక్కడ ఒక సందేహం కలగవచ్చు. యూదుల భాషలోని పేరు మనకెందుకు అని. ఈ ఆలోచన సరైనది కాదు. ఇబ్రాహీం, ఇస్‌హాఖ్, యాఖూబ్, యూసుఫ్, మూసా, దావూద్ - ఇవన్నీ దివ్యఖుర్ఆన్ గౌరవంతో ప్రస్తావించిన పేర్లే. మహాప్రవక్త (స) తమ కుమారునికి ఇబ్రాహీం అని పేరు పెట్టారు. యూదమతం నుండి ఇస్లాం స్వీకరించిన అబ్దుల్లాహ్ బిన్ సలామ్ (రజి) కుమారుణ్ణి ఒడిలో కూర్చోబెట్టుకుని యూసుఫ్ అని నామకరణం చేశారు. ఏ భాషా దైవానికి పరాయిది కాదు. ఒక జాతితో మనకు వివాదముంటే ఆ కోపం ఆ జాతి మాట్లాడే భాష మీదికీ, అందులోని మంచి మాటల మీదికీ పోవడం న్యాయం కాదు.

ఇక ఈ పేరు ఎలా పుట్టిందో చూద్దాం. బైబిలు ఆదికాండంలో ఒక కథనం ఉంది. హజ్రత్ హాజిరా గర్భవతిగా ఉన్నప్పుడు ఇంట్లో కష్టాలు భరించలేక అరణ్యంలోకి వెళ్ళిపోతారు. ఒక నీటి ఊట దగ్గర దైవదూత ఆమెను కలిసి, నీ బాధను దేవుడు ఆలకించాడు గనుక పుట్టబోయే కుమారునికి ఈ పేరు పెట్టమంటాడు. ఆ కథనంలోని వివరాలన్నింటినీ మనం ప్రమాణంగా తీసుకోనవసరం లేదు. కాని ఒక్క విషయం గమనించదగ్గది. ఆమె ఈజిప్టు నుండి వచ్చిన పరిచారిక. సొంత ఊరు లేదు, పుట్టింటి అండ లేదు. ఆ ఇంట్లో అందరికన్నా తక్కువ మాట చెల్లే మనిషి ఆమే. దేవుడు ఆలకించాడని ఆ పేరు చెబుతున్నది అటువంటి మనిషి నిట్టూర్పును గురించి.

దివ్యఖుర్ఆన్‌లోనూ ఈ పేరు పక్కనే వినికిడి ప్రస్తావన కనిపిస్తుంది. వృద్ధాప్యంలో తనకు ఇస్మాయీల్‌ను, ఇస్‌హాఖ్‌ను ప్రసాదించినందుకు హజ్రత్ ఇబ్రాహీం (అలైహి) అల్లాహ్‌ను స్తుతిస్తూ, తన ప్రభువు ప్రార్థనలు ఆలకించేవాడని అంటారు (14:39). తండ్రీకొడుకులిద్దరూ కాబా గృహపు గోడలు లేపుతూ, తమ సేవను స్వీకరించమని వేడుకుంటూ, నీవు అంతా వినేవాడివి, అంతా తెలిసినవాడివి అని విన్నవించుకుంటారు (2:127). కొడుకు పేరులో ఉన్న అర్థమే తండ్రి ప్రార్థనలో పలుకుతోంది.

ఇప్పుడు అసలు ప్రశ్నకు వద్దాం. అల్లాహ్ ఆలకిస్తాడు సరే, మరి మా మొర ఎందుకు ఆలకించలేదు? పెళ్ళయి పదేళ్ళు దాటినా ఒడి నిండని సోదరి ఇలా అడుగుతుంది. ఆసుపత్రి వరండాలో రాత్రంతా చేతులెత్తి వేడుకున్నా బిడ్డను దక్కించుకోలేకపోయిన తండ్రి ఇలా అడుగుతాడు. పొరుగింట్లో ఇస్మాయీల్ అని పిలిచే పిలుపు వారి చెవిన పడితే గుండెలో ఏదో గుచ్చుకుంటుంది. వారి ప్రశ్నను అవిశ్వాసమని కొట్టిపారేయడం మనకు తగదు. ఓ రెండు నీతివాక్యాలు చెప్పి పంపేయడం అంతకన్నా తగదు.

ముందుగా ఆ పేరు ఏమంటున్నదో, ఏమనడం లేదో జాగ్రత్తగా చూడాలి. ‘దేవుడు ఇచ్చాడు’ అని చెప్పే పేర్లు వేరే ఉన్నాయి. హీబ్రూలో నతనయేలు అనే పేరుకు అర్థం అదే. మనలో అతావుల్లాహ్ అని పెట్టుకుంటాం, అల్లాహ్ అనుగ్రహించిన కానుక అని. హాజిరా కుమారునికి వచ్చిన పేరు అది కాదు. చేతికి అందినదాన్ని గురించి ఆ పేరు మాట్లాడటం లేదు. ఆమె గొంతు ఎక్కడికి చేరిందో చెబుతోంది. ‘ఇచ్చాడు’ అనే మాట పొందినవాళ్ళు మాత్రమే అనగలరు. ‘ఆలకిస్తాడు’ అనే మాట ఇంకా పొందనివాళ్ళు కూడా అనగలరు. ఖాళీ చేతులతో ఉన్న మనిషి కూడా పలకగలిగే పేరు ఇది. ఈ పేరులోని ఆకర్షణ అక్కడే ఉంది.

అడిగింది దొరకకపోవడం ఒక బాధ. గోడకు చెప్పుకున్నట్లు మన మాట ఎవరికీ వినబడకపోవడం మరో బాధ. రెండోది మనిషిని లోపల నుండి విరిచేస్తుంది. ఈ పేరు మొదటి బాధ ఉండదని వాగ్దానం చేయదు. రెండోది మాత్రం లేదని సాక్ష్యమిస్తుంది.

ఎడారిలో హజ్రత్ హాజిరా కథను గుర్తు చేసుకోండి. ఇబ్నె అబ్బాస్ (రజి) ఉల్లేఖనాన్ని ఇమామ్ బుఖారీ నమోదు చేశారు. తిత్తిలో నీళ్ళు అయిపోయాయి. పసివాడు దాహంతో విలవిలలాడుతున్నాడు. ఆ తల్లి సఫా కొండ నుండి మర్వాకు, మర్వా నుండి సఫాకు ఏడుసార్లు తిరిగారు. ఏడోసారి చివర ఏదో శబ్దం వినిపించింది. ఆమె తనను తాను నిశ్శబ్దంగా ఉండమని హెచ్చరించుకుని చెవి ఒగ్గారు. అప్పుడు జమ్‌జమ్ ఊరింది. ఆమె పరుగెత్తిన కొండల మీద కాదు, బిడ్డను పడుకోబెట్టిన చోట. మొదటి ఆరుసార్లు ఆమె మొర వినబడలేదా? వినబడింది. కాని ఆ ఆరుసార్లూ ఆమెకు ఆ సంగతి తెలియదు. మనలో చాలామంది జీవితం ఆ ఆరు పరుగుల మధ్యనే గడుస్తుంది. హజ్‌లో, ఉమ్రాలో లక్షలాది విశ్వాసులు ఆ పరుగును నేటికీ ఆచరిస్తున్నారంటే, జవాబు దొరికిన క్షణంతోపాటు జవాబు కోసం పరుగెత్తిన సమయం కూడా ఆరాధనే అయిందన్నమాట.

దాసుని ప్రార్థన వృథాపోదని మహాప్రవక్త (స) బోధించారు. అడిగింది ఇక్కడే దొరుకుతుంది, లేదా పరలోకం కోసం దాచబడుతుంది, లేదా దానికి సమానమైన కీడు ఏదో తొలగించబడుతుంది. ఏది జరిగినా జవాబే అంటే ఇది మాటల గారడీ కాదా అని ఒకరు అడగవచ్చు. ఇది వాదంలో ఎదుటివాణ్ణి ఓడించే ఆధారమని మేము చెప్పడం లేదు. విశ్వాసి తన ప్రభువును ముందే నమ్మి ఉన్నాడు. తనకు కనబడని చోట కూడా ఆయన దయామయుడే అన్న నమ్మకం మీద ఈ హదీసు నిలబడుతుంది. ఆ నమ్మకం ఉన్నవానికి ఇది ఊరట. లేనివానితో మాట అక్కణ్ణుంచే మొదలుపెట్టాలి.

ఇక రెండో ప్రశ్న. పేరు మనిషిని మారుస్తుందా? బైబిలులోనే మరో ఇష్మాయేలు ఉన్నాడు. నెతన్యా అనే అతని కొడుకు, రాజవంశీకుడు. యెరూషలేము బబులోను వశమయ్యాక గెదల్యా అనే అతను అక్కడ అధిపతిగా నియమితుడయ్యాడు. ఈ ఇష్మాయేలు పదిమందితో మిస్పా అనే ఊరికి వచ్చి, అతనితో కలిసి భోజనం చేసి, అక్కడే అతణ్ణి నరికి చంపాడు. యూదులు ఆ మరణానికి గుర్తుగా ఈనాటికీ ఉపవాసముంటారు. క్రీస్తుశకం 2వ శతాబ్దంలో ఇదే పేరుతో యూదుల్లో ఒక గొప్ప ధర్మపండితుడు ఉండేవాడు. తోరాను వ్యాఖ్యానించడానికి 13 సూత్రాలు ఆయన పేరు మీదే ఉన్నాయి. ఒకే పేరు, ఒకడు అతిథిగా వచ్చి హంతకుడయ్యాడు, మరొకడు దైవగ్రంథాన్ని శ్రద్ధగా వినడం నేర్పాడు. కాబట్టి పేరు తాయెత్తు కాదు. తల్లిదండ్రులు బిడ్డ చేతిలో పెట్టిన ఒక బాధ్యత అది. నిలబెట్టుకోవడం అతని వంతు.

ఆ బాధ్యత ఏమిటో మన తెలుగే చెబుతుంది. ‘మాట వినే పిల్లవాడు’ అంటాం. అక్కడ వినడమంటే చెవికి సోకడం కాదు, విధేయత చూపడం. హీబ్రూలోనూ ఆ క్రియకు ఈ రెండు అర్థాలున్నాయి. దివ్యఖుర్ఆన్ కూడా విశ్వాసులను వర్ణిస్తూ వినడాన్ని, విధేయతను ఒకే ఊపిరిలో చెబుతుంది (2:285). హజ్రత్ ఇస్మాయీల్ (అలైహి) జీవితంలో ఇది అక్షరాలా కనిపిస్తుంది. తనను బలి ఇస్తున్నట్లు కలగన్నానని తండ్రి చెప్పినప్పుడు, దైవాజ్ఞను నెరవేర్చమని, తాను సహనం వహిస్తానని ఆ కుమారుడు బదులిచ్చాడు (37:102). ఆ కుమారుడు ఇస్మాయీలే అన్నది ఇస్లామీయ పండితుల్లో అత్యధికుల అభిప్రాయం. ఎవరి పుట్టుక ప్రార్థన ఆలకించబడినందుకు గుర్తో, ఆయనే ఆలకించేవాడయ్యాడు. ఆయన మాట నిలబెట్టుకునేవాడని, తన ఇంటివారిని నమాజు, జకాత్‌ల కోసం ఆదేశించేవాడని ఖుర్ఆన్ మెచ్చుకుంది (19:54, 55).

మరో మెట్టు ఎక్కుదాం. దైవం ఆలకిస్తాడని నమ్మే ఇంట్లో మనుషుల మాట మనుషులు వినకపోతే ఆ నమ్మకానికి విలువేమిటి? ఖౌలా బింతె సఅలబా (రజి) తన భర్త మీద ఫిర్యాదుతో దైవప్రవక్త (స) వద్దకు వచ్చి వాదించారు. అదే ఇంట్లో ఒక మూల ఉన్న హజ్రత్ ఆయిషా (రజి)కి ఆమె మాటల్లో కొన్ని వినబడలేదు. కాని అల్లాహ్ విన్నాడు. ఆమె మాట విన్నానన్న ప్రకటనతోనే ఒక అధ్యాయం మొదలైంది (58:1). పీడితుని మొరకూ అల్లాహ్‌కూ మధ్య ఏ తెరా లేదని మహాప్రవక్త (స) హెచ్చరించారు.

ఈ హెచ్చరిక మన గడపలోపలికి కూడా వస్తుంది. కొడుకుకు ఇస్మాయీల్ అని పేరు పెట్టుకున్న ఇంట్లో కోడలి కన్నీరు ఎవరికైనా వినబడుతోందా? అంట్లు తోమే మనిషి నెల జీతం కోసం రెండుసార్లు అడిగితే మనకు చెవిన పడుతోందా? మంచం మీదున్న ముసలితల్లి పిలిస్తే ఎన్నో పిలుపుకు లేస్తున్నాం? హాజిరా లాంటివారు ప్రతి ఇంట్లోనూ ఉంటారు. వారి మాట మనం వినకపోయినా వినేవాడు ఉన్నాడు. ఆ పేరు ఓదార్పు ఎవరికో, హెచ్చరిక ఎవరికో అప్పుడు తెలుస్తుంది.

రోజుకు 17 రకాతుల ఫర్జ్ నమాజులో రుకూ నుండి లేచిన ప్రతిసారీ, తనను స్తుతించినవాని మాట అల్లాహ్ వింటాడన్న పలుకు వినబడుతుంది. అంటే పేరు ఇస్మాయీల్ అయినా కాకపోయినా, ఆ పేరులోని అర్థం ప్రతి నమాజీకీ రోజూ పదిహేడుసార్లు గుర్తు చేయబడుతోంది. మీ ఇంట ఆ పేరుగల బిడ్డ ఉంటే, వాడికి ఊహ తెలిసిన నాడు దగ్గర కూర్చోబెట్టుకుని దాని అర్థం చెప్పండి. హాజిరా పరుగు గురించి చెప్పండి. వాడు మాట్లాడేటప్పుడు చేతిలోని పని ఆపి వినండి. దేవుడు ఆలకిస్తాడన్న మాటను పసివాడు మొదట నమ్మేది, ఇంట్లో తన మాట ఆలకించేవారు ఉన్నప్పుడే.

సర్వం వినే ఆ ప్రభువు మన మొరలను ఆలకించుగాక! సాటివారి మొరలు వినే చెవిని, విన్నదాన్ని ఆచరించే హృదయాన్ని మనకు ప్రసాదించుగాక! ఆమీన్.