తాగనివారి వంతు

వాక్యభాగం: నెహెమ్యా 8:9-12, యిర్మీయా 35:1-14

సెప్టెంబరు నెలాఖరుకి న్యూయార్క్ రాష్ట్రంలో హడ్సన్ నది వెంబడి తోటల్లో యాపిల్ కోతలు జోరందుకుంటాయి. శనివారాల్లో కుటుంబాలు సంచులు పట్టుకుని వెళ్లి పళ్లు తామే కోసుకుంటాయి. పిల్లలు తినగలిగిన దానికన్నా ఎక్కువే కోస్తారు. ఇల్లు చేరాక ఆ సంచులన్నీ వంటింటి గట్టు మీదికి చేరతాయి. కొన్ని తినడానికి, కొన్ని యాపిల్ పై చేయడానికి, దెబ్బతిన్నవి ఉడకబెట్టి సాస్ చేయడానికి. కొందరు మాత్రం ఒక పెద్ద గాజు జాడీ కడిగి ఆరబెట్టి, నవంబరు నాలుగో గురువారం వచ్చే థ్యాంక్స్‌గివింగ్ విందు కోసం అప్పుడే మసాలా యాపిల్ లిక్యూర్ నానబెడతారు.

ఆ పనిలో ఉన్న ఓపిక చూడదగ్గది. పులుపు ఒకటి, తీపి ఒకటి, రెండు రకాల గట్టి పళ్లు ఎంచుకుంటారు. గ్రానీ స్మిత్ ఒక్కటే వేస్తే మరీ పులుపు, గాలా ఒక్కటే వేస్తే వట్టి తీపి. తొక్క తీయరు, పండు సువాసన చాలావరకు తొక్కలోనే ఉంటుంది కాబట్టి. గింజలు, వాటి చుట్టూ ఉండే గట్టి భాగం మాత్రం తీసేస్తారు. ముప్పావు కిలో ముక్కలకు రెండు దాల్చిన చెక్కలు, నాలుగు లవంగాలు, చిటికెడు జాజికాయ పొడి వేసి, పైన 750 మిల్లీలీటర్ల బ్రాందీ గాని వోడ్కా గాని పోస్తారు. ముక్కలన్నీ మునగాలి. పైకి తేలిన ముక్క గాలి తగిలి నల్లబడుతుంది. తర్వాత జాడీ చీకటి అలమారలోకి వెళ్తుంది. నాలుగు వారాలు. రోజుకొకసారి తీసి కుదిపి మళ్లీ పెట్టాలి. లవంగాలను మూడు నాలుగు రోజులకే ఏరి పారేయాలి. వాటిలోని ఘాటైన నూనె యూజినాల్‌ను ఆల్కహాల్ త్వరగా లాగేస్తుంది, ఆలస్యం చేస్తే జాడీ అంతా లవంగమే, యాపిల్ ఉన్నట్టే తెలియదు. నాలుగు వారాలయ్యాక పల్చటి గుడ్డలో వడకట్టి, పంచదార కరిగించి చల్లార్చిన నీళ్లు కలిపి, ఇంకో మూడు నాలుగు వారాలు కదపకుండా ఉంచుతారు. యాపిల్‌లోని పెక్టిన్ వల్ల మొదట మసకగా ఉన్నది, మడ్డి అడుక్కి దిగి, పైన తేట నిలుస్తుంది. బట్టీ పెట్టి కాచేదేమీ లేదు, కొన్న మద్యంలో పండునీ మసాలానీ నానబెట్టడమే. అయినా తేలిగ్గా తీసుకోవలసింది కాదు. పాకం కలిశాక కూడా అందులో ఆల్కహాల్ మామూలు వైన్‌లోకన్నా ఎక్కువే ఉంటుంది. తియ్యదనం ఆ ఘాటుని దాచేస్తుంది. అందుకే ఎరిగినవాళ్లు దాన్ని చిట్టి గ్లాసుల్లోనే పోస్తారు.

ఆ దాల్చిన చెక్క పరిశుద్ధ గ్రంథంలో రెండు చోట్ల కనబడే తీరు నన్ను చాలాసార్లు ఆపేసింది. నిర్గమకాండము 30లో అది యాజకుల్ని అభిషేకించే నూనెలోకి వెళ్తుంది. సామెతలు 7లో అదే చెక్క, దారి తప్పించే స్త్రీ తన పరుపు మీద చల్లే సువాసనల్లో ఉంటుంది. చెక్క మారలేదు. ఎవరు, ఎవరి కోసం, ఏ ఉద్దేశంతో వాడారన్నదే మారింది. విందు గురించి కూడా నేను అలాగే అడుగుతాను: ఈ శ్రద్ధంతా ఎవరి కోసం?

నెహెమ్యా 8లోని విందు కూడా ఇదే కాలంలో జరిగింది. ఏడో నెల మొదటి దినం, మన లెక్కలో సెప్టెంబరు అక్టోబరు నడుమ. యెరూషలేములో నీటి గుమ్మం ఎదుట జనమంతా కూడుకున్నారు. తెల్లవారినప్పటి నుంచి మధ్యాహ్నం దాకా ఎజ్రా ధర్మశాస్త్రం చదివాడు. విన్నవాళ్లు ఏడ్చారు. అప్పుడు పెద్దలు వాళ్ల కన్నీళ్లు ఆపి, ఇళ్లకు వెళ్లమన్నారు. మంచి భోజనం చేయమన్నారు, తియ్యనిది తాగమన్నారు, తమ కోసం ఏదీ సిద్ధంగా లేనివారికి వంతులు పంపమన్నారు. మూడూ ఒకే ఊపిరిలో చెప్పిన ఆజ్ఞలు. మొదటి రెండూ మనకి చెప్పకపోయినా చేస్తాం. మూడోది చేస్తేనే ఆ రోజు దేవుని పండుగైంది.

ఆ మూడో మాట వినగానే మన మనసు బీదల దగ్గరకు వెళ్తుంది. వెళ్లాలి కూడా. కాని ఏదీ సిద్ధంగా లేని మనిషి ఒక్కోసారి మన గదిలోనే, మన సోఫాలోనే కూర్చుని ఉంటాడు.

థ్యాంక్స్‌గివింగ్ కూడికలు ఇప్పుడు అమెరికాలోని తెలుగు ఇళ్లలోనూ జరుగుతున్నాయి. టర్కీ పక్కనే బిర్యానీ, యాపిల్ పై పక్కనే సేమ్యా పాయసం. ఆ బల్ల దగ్గర ఏం జరుగుతుందో చూడండి. రెండు నెలలు చీకట్లో దాచి, రోజూ కుదిపి, వడకట్టి, తేర్చిన సీసా బయటికొస్తుంది. దాని కథ చెప్తారు, అందరూ వాసన చూసి మెచ్చుకుంటారు. ఒకరు మాత్రం "నాకు వద్దండీ" అంటారు. వెంటనే ఫ్రిజ్ తెరిచి ఒక కోక్ డబ్బా చేతికిస్తాం. ఇందులో చెడ్డ ఉద్దేశం లేదు. కాని తాగేవారి కోసం రెండు నెలలు, తాగనివారి కోసం అర నిమిషం! ఆ తేడా ఆ చల్లటి డబ్బా పట్టుకున్నవారికి తెలుస్తుంది.

వద్దన్నవారు ఎవరో మనకి ఎప్పుడూ పూర్తిగా తెలియదు. దేవునికి మాట ఇచ్చినవారు కావచ్చు. కడుపుతో ఉండి, ఇంకా ఎవరికీ చెప్పని అమ్మాయి కావచ్చు. వేసుకునే మందులకి మద్యం పడనివారు కావచ్చు. రాత్రి పిల్లల్ని కూర్చోబెట్టుకుని కారు నడపాల్సిన తండ్రి కావచ్చు. తాగుడు మానడానికి రోజు రోజునీ దాటుకుంటూ వస్తున్నవారు కావచ్చు, అలాంటివారికి ఆ చిట్టి గ్లాసే కాలు జారే చోటు. నెల్లూరు జిల్లా నుంచి కొడుకు దగ్గరికి వచ్చిన పెద్దమ్మ కావచ్చు. ఆ జిల్లాలో పుట్టి పెరిగిన ఆడవాళ్లకి 1992 మామూలు సంవత్సరం కాదు. అక్షరాలు నేర్చుకునే తరగతుల్లో తమ ఇళ్ల కథ తామే మాట్లాడుకుని, దూబగుంట అనే ఊరి స్త్రీలు రోశమ్మ అనే ఆమెతో కలిసి సారా దుకాణం మూయించారు. ఆ కదలిక ఊరి నుంచి ఊరికి పాకి, 1993లో రాష్ట్రమంతటా సారా నిషేధం వచ్చింది, 1995లో సంపూర్ణ మద్య నిషేధం వచ్చింది. తర్వాత రెండేళ్లకి ఆ నిషేధం పోయింది గాని, కూలి డబ్బు సారా కొట్టుకి పోయిన రాత్రులు ఆ తల్లులకు గుర్తున్నాయి. ఎంత అందమైన సీసాలో పోసినా ఆ పెద్దమ్మ ముక్కుకి తగిలేది యాపిల్ కాదు.

ఇక్కడ రేకాబు వంశస్థులైన రేకాబీయుల్ని తలచుకోవాలి. యెహోయాకీము రోజుల్లో యిర్మీయా వారిని మందిరంలోని ఒక గదికి తీసుకువెళ్లి, ద్రాక్షారసంతో నిండిన పాత్రలూ గిన్నెలూ ముందు పెట్టి తాగమన్నాడు. అడిగింది ప్రవక్త, అడిగిన చోటు దేవాలయం. కాదనడానికి అంతకన్నా కష్టమైన బల్ల ఇంకొకటి ఉండదు. వారు వద్దన్నారు. ద్రాక్షారసం తాగవద్దన్న తమ పితరుడు యెహోనాదాబు ఆజ్ఞ చెప్పారు. యెహూ రాజు కాలపువాడాయన, అప్పటికి రెండు వందల ఏళ్లు దాటాయి. యిర్మీయా రెండోసారి అడిగినట్టు లేదు. పండుగ పూట ఒక్క గుక్కకేమవుతుందని బలవంతం చేసినట్టు లేదు. పైగా దేవుడు ఆ "వద్దు"నే యూదా జనమంతటి ముందూ నిలబెట్టి చూపించాడు, ఆ కుటుంబాన్ని దీవించాడు. వద్దన్న అతిథి మన విందుకి లోటని మనం అనుకుంటాం. యిర్మీయా 35లో ఆ గదికి వచ్చిన ఘనత అంతా వారి వల్లే వచ్చింది.

తాగనివారి కోసం శ్రమపడిన మనిషి ఒకాయన సంఘ చరిత్రలోనే ఉన్నాడు. 1869లో న్యూజెర్సీలోని వైన్‌ల్యాండ్ ఊళ్లో థామస్ వెల్చ్ అనే మెథడిస్టు దంతవైద్యుడు, ప్రభువు బల్ల కోసం ద్రాక్షరసాన్ని పులియకుండా నిలవుంచే దారి వెతికాడు. ఫ్రెంచి శాస్త్రవేత్త పాశ్చర్ చూపిన పద్ధతిలో సీసాలను వేడిచేసి సాధించాడు. ఆయన పేరుతో వచ్చిన రసం ఇప్పటికీ కొట్లలో దొరుకుతుంది. తాగనివారిని "నీళ్లు తాగండి" అని పక్కకి జరపకుండా, అదే బల్ల దగ్గర, అదే పండు రసంతో వారికి చోటిచ్చాడు. ఆ పనిని నేను ఆరాధనగానే లెక్కపెడతాను.

మద్యం అసలు ముట్టకూడదని నమ్మే విశ్వాసులున్నారు, మితంగా పుచ్చుకోవచ్చని నమ్మే విశ్వాసులున్నారు. రోమా 14 ఇద్దరినీ ఒకరినొకరు తీర్పు తీర్చుకోవద్దంటుంది. కాని అదే అధ్యాయం ఆతిథ్యమిచ్చేవారి మీద ఒక బరువు పెడుతుంది: సహోదరుడు తొట్రిల్లేదేదీ అతని దారిలో ఉంచకూడదు. అందుచేత నా మాట సూటిగా చెప్తాను. వచ్చేవారిలో ఒక్కరికైనా ఆ వాసనే ఉచ్చు అవుతుందని తెలిస్తే, రెండు నెలల కష్టమైనా సరే, ఆ సాయంత్రం సీసా అలమారలోనే ఉండాలి. అలాంటిదేమీ లేదని తెలిసినా, జాడీ పెట్టిన రోజే తాగనివారి వంతు కూడా పెట్టాలి.

న్యూ ఇంగ్లండ్ పల్లెల్లో దానికి పాత పద్ధతి ఒకటుంది. పంచదార ఖరీదైన రోజుల్లో అక్కడివాళ్లు తాజాగా పిండిన యాపిల్ రసాన్ని చిన్న మంట మీద గంటల తరబడి మరిగించి, ఏడో వంతుకి దింపేవారు. ఇప్పుడు తోటల దగ్గర అమ్మే ఒక గ్యాలన్ డబ్బా, అంటే సుమారు 3.8 లీటర్లు, మరిగి అర లీటరు అవుతుంది. చక్కెర వేయనక్కర్లేదు, పండులోని తీపే చిక్కబడుతుంది. చివరి అరగంట దగ్గరుండి కలపకపోతే అడుగంటుతుంది. ముదురు గోధుమ రంగుకి తిరిగి తేనెలా జారినప్పుడు దించి సీసాలో పోస్తే, ఫ్రిజ్‌లో నెలల పాటు ఉంటుంది. విందు రోజున కప్పుకి రెండు చెంచాలు వేసి, దాల్చిన చెక్క, శొంఠి వేసి మరిగించిన నీళ్లు పోయండి. మసాలా వాసన ఆల్కహాల్‌లోకి దిగినంత సులువుగా నీళ్లలోకి దిగదు, కాబట్టి ఆ నీళ్లని తొందరపడకుండా మరగనివ్వాలి. పులుపూ తీపీ ఘాటూ అన్నీ ఉంటాయి. పిల్లలు తాగొచ్చు, పెద్దమ్మ తాగొచ్చు, కారు నడిపే తండ్రి తాగొచ్చు.

పోసేటప్పుడు దీన్నే ముందు పోయండి. మంచి గ్లాసుల్లోనే పోయండి. లిక్యూర్ సీసా కూడా ఉంటే అందులో ఏముందో నోరు తెరిచి చెప్పండి, ఎవరైనా వద్దంటే కారణం అడగకండి. లిక్యూర్ వడకట్టగా మిగిలిన యాపిల్ ముక్కల్ని కేకులో వేసే అలవాటు కొన్ని ఇళ్లలో ఉంది. ఓవెన్లో కాల్చినంత మాత్రాన ఆల్కహాల్ పూర్తిగా పోదు. చెప్పకుండా అలాంటి కేకు ముక్క ఒకరి ప్లేటులో పెట్టడం వారి నమ్మకాన్ని దొంగిలించడమే.

నవంబరులో మీ ఇంటికి ఎవరెవరు రావచ్చో ఈ రోజే ఒక కాగితం మీద రాసుకోండి. జాడీ కుదిపినప్పుడల్లా ఒక్కో పేరు పలికి ప్రార్థించండి. వద్దనే అవకాశం ఉన్నవారి పేర్లు ముందు రాయండి.

ప్రార్థన: ప్రభువా, మా బల్ల దగ్గర కూర్చోబోయేవారు నీకు పేరు పేరునా తెలుసు. వారిలో ఎవరు గ్లాసు చూసి లోపల వణుకుతారో మాకు తెలియదు, నీకు తెలుసు. వారి కోసం ఇవాళే పొయ్యి మీద గిన్నె పెట్టే ఓపిక మాకివ్వు. తాగుడుతో పోరాడుతున్న మా సహోదరులను ఈ పండుగ నెలల్లో కాపాడు. మేము ఇష్టపడి చేసిన సీసాను ఒక్కరి కోసం లోపలే ఉంచాల్సి వస్తే, సణగకుండా ఉంచే మనసివ్వు. యేసు నామంలో అడుగుతున్నాం తండ్రీ, ఆమేన్.