చనిపోయినవారి నోట మన మాటలు



గోడమీద తండ్రిగారి పటము ఉంచుకొనుట మన ఇండ్లలో పాత అలవాటే. నేడు ఆయన నడక, నవ్వు, మాట కూడ సెల్‌ఫోనులో నిలిచియున్నవి. జ్ఞాపకార్థ కూడికలో వాటిని చూచి కన్నీరు విడుచుట తప్పు కాదు. అయితే చనిపోయినవానిని తలంచుకొనుట వేరు, అతనిచేత పని చేయించుకొనుట వేరు.

అమెరికాలో ఫ్రెడ్ అస్టైర్ అను ప్రఖ్యాత నాట్యకారుడు ఉండెను. 1951లో వచ్చిన రాయల్ వెడ్డింగ్ అను చిత్రములో ఆయన టోపీలు తగిలించు కొయ్యను జతగా పట్టుకొని నాట్యమాడెను. 1987లో మరణించెను. పదియేండ్లకు, అనగా 1997లో, ఆ చిత్రభాగమునే తీసికొని, కొయ్యకు మారుగా ఇల్లు శుభ్రపరచు యంత్రమును ఆయన చేతికిచ్చి, వ్యాపార ప్రకటనగా టెలివిజనులో చూపిరి. భార్య అనుమతించెను, కుమార్తె తన బాధను బహిరంగముగా తెలిపెను. ఆయనను మాత్రము అడుగుటకు వీలులేకపోయెను.

ఇట్టివన్నియు తప్పేనా? కాదు. 2016లో చనిపోయిన క్యారీ ఫిషర్ అను నటిని 2019లో వచ్చిన స్టార్ వార్స్ చిత్రములో చూపిరి. ముందు తీసి వాడక మిగిలిన దృశ్యములను, కుటుంబము సమ్మతింపగా, 1977 నుండి ఆమె ధరించిన పాత్రకే వాడిరి. ఆమె చేపట్టిన పనినే ముగించిరి. 2014లో మరణించిన రాబిన్ విలియమ్స్ అను నటుడైతే తన రూపమును 25 సంవత్సరములు వాడరాదని ముందే వ్రాసిపెట్టెను. అట్లు వ్రాయనివారి మాటేమి?

సమూయేలు మొదటి గ్రంథము 28వ అధ్యాయము చూడుడి. సమూయేలు బ్రదికియుండగా అతని మాట పెడచెవిని పెట్టిన సౌలు, అవసరము వచ్చినప్పుడు రాత్రివేళ ఏన్దోరుకు పోయి అతనిని రప్పింపుమనెను. తన్నెందుకు తొందరపెట్టితివని సమూయేలు అడిగెను. సౌలు ప్రేమచేత పిలువలేదు, అక్కరచేత పిలిచెను.

అబద్ధ సాక్ష్యమును గూర్చిన ఆజ్ఞ పొరుగువానిని కాపాడును. బ్రదికినవాడు లేచి, నేనట్లు అనలేదని చెప్పగలడు. చనిపోయినవాడు చెప్పలేడు. కనుక అతని విషయములో మన బాధ్యత తగ్గదు, పెరుగును.

ఇది సినిమావారి సంగతి అని ఊరకుందమా? పొలము పంచుకొను దినమున, నాయన పోవుచు ఆ మెట్టచేను నాకే అన్నాడని పెద్దవాడు చెప్పును. కాదు, నాతోనే అన్నాడని చిన్నవాడు చెప్పును. అక్కడ కెమెరా లేదు, యంత్రము లేదు. అయినను చనిపోయినవాని నోట మాట పెట్టుచునే ఉన్నాము. బ్రదికియుండగా ఆ తండ్రి చెప్పిన మాట ఎందరము విన్నాము?

మన పెద్దలు నిజముగా పలికిన మాటలను భద్రపరచుదము. వారు పలుకని మాటను, మనకు ఎంత లాభమైనను, వారి నోట పెట్టకుందము.